తీసేసిన పిట్ట సీను

పోలీసు ఉద్యోగం నుంచి రిటైరయ్యాక నాకు దొరికిన రెండో పని బెల్టులు చూడటం. నిజంగా జరిగిన నేరాల మీద డాక్యుమెంటరీలు తీసేవాళ్లకు నేను సలహాదారుణ్ణి. నటుడు పెట్టుకున్న బెల్టు ఎస్సైదా, కానిస్టేబులుదా? టోపీ తీసినప్పుడు ఏ చేతిలో పట్టుకుంటారు? శవం దగ్గర పంచనామా నిలబడి రాస్తారా, కూర్చుని రాస్తారా? వాళ్లు నన్ను అడిగేవి ఇలాంటివి. కూర్చునే రాస్తారు. ఊళ్లో ఎవరో ఒకరు కుర్చీ తెస్తారు. కుర్చీ తెచ్చినవాణ్ణే సాక్షిగా సంతకం పెట్టమంటారు కాబట్టి, అదే ఊరికి రెండోసారి వెళ్తే ఎవరూ కుర్చీ తేరు. ఈ చివరి సంగతి కూడా చెప్పాను. దాన్ని వాళ్లు పెట్టుకోలేదు.

ఈ పనిలోకి నన్ను తోసింది మా మరదలు. నా భార్య పోయిన తర్వాత నేను నల్లగొండలోని ఇంట్లో ఒక్కణ్ణే ఉన్నాను. పిల్లలు లేరు. పుస్తకాలున్నాయి. మరదలు మహబూబ్‌నగర్‌లో ఉంటుంది. రోజూ పొద్దున ఫోన్ చేసి ఏం వండుకున్నానో అడుగుతుంది. నేను చెప్పింది నమ్మదు.

"గా బుక్కులు ఎన్నిసార్లు సదువుతవు బావా? అచ్చరాలు అరిగిపోతయి," అంది ఒకరోజు. "మా పక్కింటోల్ల సుట్టాల పిల్ల హైదరాబాదుల నేరాల మీద సినిమాలు తీస్తాందట. పోలీసాయన కావాల్నంట. నీ నంబరు ఇచ్చిన."

"నన్ను అడగకుండనే ఇచ్చినవా?"

"అడిగితే వద్దంటవని ఇచ్చిన."

ఆ అమ్మాయే దర్శకురాలు. ముప్పై దాటి ఉండదు. నిద్ర చాలని మనిషిలా కనిపించేది కానీ ఎవరి మీదా గొంతు లేపేది కాదు. ఆమెతో మొదట చేసింది వేరే జిల్లా కేసు. నాకు దాంతో సంబంధం లేదు. షూటింగుకు వెళ్తే, స్టేషనుగా మార్చిన గదిలో ఒక గోడంతా బోర్డు పెట్టి, ఫొటోలు అంటించి, వాటి మధ్య ఎర్రదారం కట్టారు.

"మీ ఆఫీసులో బోర్డు ఇంతే ఉండేదా సర్, ఇంకా పెద్దదా?" అని అడిగింది.

"మాకు బోర్డు లేదమ్మా. గోడకు క్యాలెండరు ఉండేది. ఎరువుల దుకాణంవాళ్లు ఇచ్చింది."

ఆమె ఆలోచించి బోర్డు అలాగే ఉంచి, నా మాట మీద గౌరవంతో పక్కన ఒక క్యాలెండరు కూడా తగిలించింది. డిటెక్టివు వేషం వేసిన కుర్రవాడు నా దగ్గరికి వచ్చి, ఆలోచించేటప్పుడు మీరు ఎలా నడుస్తారు సర్ అని అడిగాడు. ఆలోచించేటప్పుడు నడవను, కూర్చుంటాను అన్నాను. అతను కొంచెం నిరాశపడ్డాడు. సినిమాలో మాత్రం బాగా నడిచాడు.

రెండోది నా కేసు. రాష్ట్రం వచ్చిన కొత్తలో, దేవరకొండ అవతల, నల్లగొండ జిల్లా అయిపోయి పాలమూరు మొదలయ్యే గుట్టల దగ్గరి ఒక ఊళ్లో జరిగింది. ఇద్దరు అన్నదమ్ములు. అన్నది బత్తాయి తోట, తమ్ముడిది పత్తి. పొత్తులో ఒకే బోరు. నీళ్ల వంతు దగ్గర మాట పట్టింపు వచ్చి, మాట్లాడుకోవడం మానేశారు. ఒకరి మీద ఒకరికి నమ్మకం లేక మోటరు స్టార్టరు డబ్బాకు ఇద్దరూ చెరో తాళం వేశారు. అంటే మోటరు నడవాలంటే ఇద్దరూ రావాలి. కరెంటు వచ్చినప్పుడల్లా ఇద్దరూ చెరో గట్టు మీద నుంచి వచ్చి, ఎవరి తాళం వాళ్లు తీసి, ఒక్క మాట లేకుండా తిరిగిపోయేవారు. ఊరు దీన్ని వింతగా చూడలేదు. కొన్నాళ్లకు ఏది చూసినా అలవాటవుతుంది.

ఒక తెల్లవారుజామున అన్న బత్తాయి తోట అంచున గొడ్డలి దెబ్బతో చచ్చి పడి ఉన్నాడు. ఊరు తమ్ముడి పేరు చెప్పింది. మేము అతన్ని స్టేషనుకు తీసుకొచ్చాం. అదే రోజు సాయంత్రానికి వదిలేశాం. ఎందుకంటే అతను అంతకు ముందురోజు నుంచీ జిన్నింగు మిల్లు ముందు, పత్తి ట్రాక్టరు మీద, లైనులో ఉన్నాడు. ముందు ట్రాక్టరు, వెనక ట్రాక్టరు, ఎటూ కదలడానికి లేదు. సగం ఊరు అదే లైనులో ఉంది. ఇంకో సంగతి కూడా ఉంది. ఆ రాత్రి కరెంటు వచ్చినా తోటలో పాదులు పొడిగా ఉన్నాయి. తమ్ముడి తాళంచెవి అతని అంగీ జేబులో, మిల్లు దగ్గర ఉంది కనుక మోటరు నడవలేదు. అతను ఊళ్లో లేడనడానికి అంతకంటే మంచి సాక్ష్యం నేను నా ఉద్యోగంలో చూడలేదు.

మరి చంపింది ఎవరు? మాకు తెలియదు. ఆ రోజు ఇంటికి వచ్చి అన్నం ముందు కూర్చుంటే నా భార్య అడిగింది. ఆమె కొల్లాపూర్ దగ్గరి పల్లెలో పుట్టింది. నా కేసుల గురించి ఎప్పుడూ ఎక్కువ అడగదు, అడిగితే ఆఖరి దాకా వదలదు.

"ఊరంత పిలిచి అడిగినం. ఎవడు ఏం చెప్తలేడు," అన్నాను.

"స్టేషన్ల కూసోబెట్టి అడిగితే ఎవడు చెప్తడు? మూడో దినం నాడు పిట్టకు పెడ్తరు గద. ఆడికి పోయి నిలబడు."

"నిలబడి?"

"ఇను. పిట్ట జల్ది రాదు. రాకుంటె ఒక్కొక్కలు పోయి లోపలిది బయట పెడ్తరు. పోలీసోనికి చెప్పనియి గుడ పిట్టకు చెప్తరు." నేను లేస్తుంటే మళ్లీ అంది. "గా డ్రెస్సు ఏసుకొని పోకు. పిట్ట బెదురుతది."

మా వైపు మనిషి పోయిన మూడో దినం, ఆ మనిషికి ఇష్టమైనవి వండి ఆకులో పెట్టి దూరంగా జరుగుతారు. పిట్ట, అంటే కాకి, వచ్చి ముట్టాలి. ముట్టకపోతే పోయినవాళ్ల మనసులో ఏదో మిగిలిపోయిందని అర్థం. అప్పుడు బంధువులు ఒక్కొక్కరే ఆకు దగ్గరికి వెళ్లి, అది ఏమై ఉంటుందో ఊహించి మాట ఇస్తారు. ఇది నేను చిన్నప్పటి నుంచీ చూస్తున్నదే. దాన్ని విచారణగా చూడాలని నాకు తోచలేదు. ఆమెకు తోచింది.

మామూలు బట్టల్లో వెళ్లి నిలబడ్డాను. పిట్ట రాలేదు. పోయినాయన తల్లి వెళ్లి ఏడ్చింది. రాలేదు. ఆయన భార్య వెళ్లి పిల్లలను చదివిస్తానంది. రాలేదు. పక్కచేను రైతు ఒకాయన వెళ్లాడు. మా దగ్గర ఆయన రెండు పూటలు కూర్చుని, నాకేం తెలవదు సార్ అని తప్ప వేరే మాట అనలేదు. ఆకు ముందు మాత్రం చేతులు జోడించి, "ట్రాన్స్‌ఫార్మర్ కావలి ఇగ నేను కాస్త. నా వంతు నాడు నువ్వు పోతివి. ఫికర్ చెయ్యకు," అన్నాడు.

చేలల్లో ట్రాన్స్‌ఫార్మర్లు పగలగొట్టి లోపలి రాగి తీగ ఎత్తుకుపోయే దొంగలున్నారని, రైతులు వంతులు వేసుకుని కాపలా కాస్తున్నారని మాకు అప్పుడు తెలిసింది. ఆ రాత్రి వంతు ఈ రైతుది. ఆయన పెళ్లికి పోతే బదులుగా అన్న వెళ్లాడు. ట్రాన్స్‌ఫార్మర్ ఉన్నది బత్తాయి తోట అంచు దగ్గరే. కేసు అక్కణ్ణుంచి దారిలో పడింది.

అప్పటికీ పిట్ట రాలేదు. అందరూ తమ్ముడి వైపు చూశారు. అతను మొదటి నుంచీ ఒక్కడే దూరంగా, తుమ్మచెట్టు పక్కన నిలబడి ఉన్నాడు. చివరికి వెళ్లాడు. జేబులోంచి తాళం తీసి ఆకు పక్కన పెట్టాడు. "అన్నా, నా తాళం తీసేసిన. బత్తాయికి నేనే నీళ్లు పెడత," అన్నాడు. అతను లేచి వెనక్కి తిరగకముందే కాకి దిగింది.

నేను దేన్నీ నిరూపించాలని ఇది చెప్పడం లేదు. కాకికి ఆకలి కూడా అయి ఉండొచ్చు.

దొంగను మేము పట్టుకోలేదు. కరెంటు పట్టించింది. కొన్ని నెలలకు ఇంకో ఊళ్లో ట్రాన్స్‌ఫార్మర్ మీద చెయ్యి కాల్చుకుని దవాఖానలో చేరాడు. కరెంటుకు కాలినవాళ్లు ఎవరు వచ్చినా చెప్పమని మేం చుట్టుపక్కల దవాఖానలకు చెప్పి ఉన్నాం కాబట్టి తెలిసింది. అడిగితే ఒప్పుకున్నాడు. గొడ్డలి చూపించాడు. శిక్ష పడింది. నాకు మెచ్చుకోలు పత్రం ఇచ్చారు. కేసు డైరీలో 'భార్య చెప్పగా' అని రాసే పద్ధతి లేదు కనుక అందులో ఆమె లేదు. ఆమె కూడా తన సంగతి అడగలేదు. ఆ తర్వాత చాలాకాలం అడిగింది ఒక్కటే. "గా తోటకు నీల్లు పెడ్తున్నడా?"

పెడుతున్నాడని విన్నాను. అదే చెప్పాను.

ఇదంతా ఆ దర్శకురాలికి ఒక మధ్యాహ్నం మా ఇంట్లో కూర్చుని చెప్పాను. ఎవరికైనా చెప్పడం అదే మొదటిసారి. ఆమె రాసుకోవడం ఆపేసి వింది.

"సర్, ఇది కేసు కాదు, సినిమా. ఆ పిట్ట సీను దీనికి గుండె." గోడ వైపు చూసింది. అక్కడ ఫొటో లేదు. "మేడం ఫొటో ఒకటి ఇవ్వండి. ఆఖరి ఎపిసోడ్ చివర్లో పెడతాం. కేసును దారిలో పెట్టింది ఆవిడేనని మీరే చెబుతారు."

నేను సరే అన్నాను. నిజానికి వెంటనే అన్నాను. ఆమె వెళ్లాక అలమారలోని ఫొటోలన్నీ దించాను. నా భార్య అన్ని ఫొటోల్లో అంచున ఉంది. పెళ్లిళ్లలో, గృహప్రవేశాల్లో, ఎవరి భుజం వెనకో సగం ముఖం. ఒక్కదాంట్లో మాత్రం పూర్తిగా ఉంది. కొల్లాపూర్‌లో, వాళ్ల మామిడితోటలో, చేతిలో గంపతో, ఫొటో తీసేవాణ్ణి కోప్పడుతూ. అది ఇచ్చాను.

నా భార్య మూడో దినం గురించి కూడా ఇక్కడే చెప్పేస్తాను. ఆమెకు పెట్టిన పిట్ట కూడా తొందరగా రాలేదు. మా మరదలు వెళ్లి ఏదో చెప్పింది. తర్వాత నన్ను పంపింది. ఎంతమంది ఆకుల దగ్గర ఎంతమంది మాటలు విన్నానో నేను, నా వంతు వచ్చేసరికి ఏం చెప్పాలో తోచలేదు. మందులు టైముకు వేసుకుంటానన్నాను. పిట్ట రాలేదు. అందరం కాళ్లు కడుక్కోవడానికి వెళ్లి వచ్చేసరికి ఆకు ఖాళీగా ఉంది. చూసినవాళ్లు లేరు.

షూటింగు కోసం చోటు చూడటానికి ఆ ఊరికి వెళ్లినప్పుడు నేను ముందుగా తమ్ముడి హోటలుకు వెళ్లాను. హోటలంటే బస్సు స్టేజీ దగ్గర రేకుల కొట్టం, నాలుగు బల్లలు, చాయ్, మిర్చి. అన్న పోయాక అతనూ, వదినా కలిసి నడుపుతున్నారు. తోట కూడా ఇద్దరిదే ఇప్పుడు. అతని భార్య తోట దగ్గర పని చూస్తుంది. నన్ను చూసి అతను లేచి నిలబడ్డాడు. జుట్టు నెరిసింది.

"సార్, మా అన్న ముచ్చట సినిమా తీస్తున్రంట గద. మీరే చెప్తున్రంట గద. అండ్ల నేను ఎట్ల కనబడ్త సార్?"

"సార్‌ను కూసోనియ్యి ముందుగాల," అంది వదిన పొయ్యి దగ్గర నుంచి. "వచ్చినోల్లను నిలబెట్టి అడుగుడు నీకు పోలీసోల్లే నేర్పిన్రు."

కూర్చున్నాను. చాయ్ వచ్చింది. అతను కూర్చోలేదు.

"నన్ను స్టేషన్‌కు తీస్కపోయింది ఒక్క దినం సార్. గా ఒక్క దినాన్ని ఊరు మర్సిపోవుటానికి ఎన్నేండ్లు పట్టిందో నాకెర్క. దొంగకు జైలు పడ్డంక గుడ ఒకాయన లగ్గాల కాడ నా బంతిల కూసోకపోయేది. ఇగ ఇప్పుడిప్పుడే కూసుంటున్నడు. మల్ల గదే సూపిస్తె..."

"దొంగ ఎవరో ఆఖర్న చూపిస్తరు," అన్నాను.

వదిన గ్లాసులు కడుగుతూ ఆగింది. "ఆఖరి దాక ఎవరు సూస్తరు సార్? నేను, మా మరిది ఒక్క కొట్టం కింద హోటల్ నడుపుతున్నం. అన్నను సంపిండేమో అని ఫోన్ల ఒకపాలి సూపిస్తె, మిగిలింది ఊరే కలుపుకుంటది. వాడు సిగ్గుపడి చెప్పలేడు, నేను చెప్తున్న. మల్ల ఊరి నోట్ల పడాల్నా మేము?"

"నేను చూస్తనమ్మా."

"పోలీసోల్లు సూస్తం అంటె ఏందో మాకు ఎర్కనే సార్," అంది. చాయ్ మాత్రం మళ్లీ పోసింది.

సాయంత్రం దేవరకొండ లాడ్జిలో దర్శకురాలితో మాట్లాడాను. తమ్ముడి మీద అనుమానం మొదటి ఎపిసోడ్‌లోనే తీసేయమన్నాను.

"సర్, ఉన్నవి మూడు ఎపిసోడ్లు. మొదట్లోనే తమ్ముడు కాదంటే మిగతా రెండింట్లో ఏం చూపించాలి?"

"రాగి తీగ."

ఆమె నవ్వలేదు. నేనూ నవ్వించడానికి అనలేదు. "ముఖం తెలియని ఒకడు, రాగి కోసం, చీకట్లో ఒక మనిషిని చంపేశాడు అంటే, ఇంతేనా అనుకుంటారు సర్ జనం."

"మేము కూడా అదే అనుకున్నం."

"కనీసం దొంగను పట్టుకోవడానికి మీరు వల వేశారని చెప్పొచ్చా?"

"కరెంటోల్లు ఒప్పుకోరు."

అప్పుడు ఆమె కుర్చీ దగ్గరికి లాక్కుని మెల్లగా చెప్పింది. రెండు తాళాలు, పిట్ట రాకపోవడం, దూరంగా చెట్టు కింద తమ్ముడు. ఈ మూడింటికీ అనుమానమే ప్రాణం. అతను ముందే నిర్దోషి అయితే ఆ సీను ఎవరో ఒకరి కర్మకాండ. చూసేవాళ్లకు ఊపిరి బిగబట్టాల్సిన పని ఉండదు. ఆ సీను లేకపోతే మేడం గురించి చెప్పడానికి చోటు ఉండదు. "చివర్లో అతను మంచివాడని తేలుతుంది కదా సర్. ఇంకా గొప్పగా తేలుతుంది." ఆమె అబద్ధం చెప్పడం లేదు. తన పని తాను తెలిసి చెప్తోంది. నేను లేచి నా గదికి వెళ్లిపోయాను.

పిట్ట సీను ఆ ఊళ్లో తీయడానికి పెద్దమనుషులు ఒప్పుకోలేదు. చావు లేకుండా పిట్టకు పెడితే పిట్ట ఎవరో ఒకరిని వెతుక్కుంటుందన్నారు. నాలుగు ఊళ్ల అవతల, ఒక బండరాళ్ల గుట్ట కింద తీశారు. బిర్యానీ తెప్పించి ఆకులో పెట్టారు. ఇష్టమైనవి వండిపెట్టాలి కానీ బిర్యానీ ఏంటని సలహాదారుగా అడిగాను. పోయినాయనకు బిర్యానీ ఇష్టమనుకుందాం సర్ అన్నారు. కెమెరా సర్దేలోపే కాకులు గుంపుగా వచ్చి మొత్తం తినేసి పోయాయి. రెండోసారి పెడితే ఒక్కటీ రాలేదు. నటులు ఒక్కొక్కరే వెళ్లి మాట ఇచ్చారు. తమ్ముడి వేషం వేసినతను చెట్టు పక్కన నిలబడ్డాడు. అతన్ని తల కొంచెం దించి, కింది నుంచి చూడమన్నారు. అలా చూస్తే ఎవరైనా చంపినట్టే ఉంటారు.

"కాకిని తర్వాత కంప్యూటర్లో పెడతాం," అన్నాడు కెమెరామన్.

సీను మాత్రం బాగా వచ్చింది. ఆ సంగతి దాచను. తాళం ఆకు పక్కన పెట్టే షాటులో యూనిటంతా చేతిలో పని ఆపి చూసింది. దానిమీద నా గొంతు వస్తుందనీ, నా భార్య అన్న మాటలు నేను చెబుతాననీ, తర్వాత మామిడితోట ఫొటో వస్తుందనీ ఆమె నాకు చెప్పింది. నేను అక్కడే బండ మీద కూర్చుని ఆ మాటలు లోపల అనుకుని చూశాను. పోలీసోనికి చెప్పనియి గుడ పిట్టకు చెప్తరు.

మర్నాడు నా ఇంటర్వ్యూ. అదే లాడ్జి గదిలో కిటికీకి నల్లగుడ్డ కట్టి, నన్ను కుర్చీలో కూర్చోబెట్టి, ముఖం మీద సగమే వెలుగు పడేలా దీపం పెట్టారు. దర్శకురాలు కెమెరా పక్కన కూర్చుంది.

"మూడో దినం నాడు తమ్ముడు దూరంగా నిలబడి ఉండటం మీరు గమనించారు. అప్పుడు మీ మనసులో ఏముంది సర్?"

కోర్టులో నేను సాక్షి బోనులో నిలబడి గడిపిన కాలం తక్కువ కాదు. అవతలి వకీలు నా జవాబులో తనకు కావలసిన ముక్క తెంపుకుని, మిగతాది వదిలేసేవాడు. మొదట్లో ఓడిపోయాను. తర్వాత ఒక పాత హెడ్ కానిస్టేబుల్ చెప్పాడు. తెంపుకునే సందు ఇవ్వొద్దు సార్, ఒక్క ఊపిరిలో చెప్పండి అని. నేర్చుకున్నాను. నా చేతికి వచ్చిన విద్య అదొక్కటేనని నాకు అప్పుడప్పుడు అనిపిస్తుంది.

కెమెరాలోకి చూసి చెప్పాను. "హత్య జరిగినప్పుడు జిన్నింగు మిల్లు ముందు పత్తి ట్రాక్టరు మీద కూర్చున్నట్టు సగం ఊరు చూసిన మనిషిగా, మోటరు తాళంచెవి జేబులో ఉన్న మనిషిగా, మేము అనుమానం లేదని రెండు రోజుల ముందే వదిలేసిన మనిషిగా తమ్ముడు అక్కడ అన్న కోసం దుఃఖంతో నిలబడి ఉండటం చూశాను."

"కట్," అంది. "సర్, కొంచెం చిన్నగా. మీరు ఏం గమనించారో అంతవరకే."

మళ్లీ అడిగింది. మళ్లీ అదే చెప్పాను, అదే వరసలో, ఊపిరి తీసుకోకుండా. ప్రశ్న మార్చింది. రెండు తాళాల గురించి అడిగింది. తాళాల గురించి చెప్పే మాటలోనే మిల్లునూ ట్రాక్టరునూ పెట్టాను. ఊళ్లోవాళ్లు ఏమనుకున్నారని అడిగింది. అందులోనూ ట్రాక్టరు వచ్చింది. సౌండు చూసే అతను చెవుల మీది హెడ్‌ఫోను తీసి నా వైపు చూశాడు. ట్రాక్టరు అతనికి విసుగు పుట్టించినట్టుంది.

చివరికి ఆమె అందర్నీ చాయ్‌కి పంపి, నా ఎదురుగా కూర్చుంది.

"దీన్ని నేను ఎక్కడా కట్ చేయలేను సర్."

"తెలుసమ్మా."

"మీ మాట లేకుండా తమ్ముడిని అనుమానంగా చూపిస్తే, కేసు చేసిన అధికారే ఒప్పుకోలేదంటారు. మాటతో చూపిస్తే సీను చచ్చిపోతుంది. ఎటైనా తీసేయాల్సిందే." చేతిలోని కాగితాలు మడిచి పక్కన పెట్టింది. "అంటే మేడం కూడా ఉండరు. అది మీకు తెలుసా?"

"తెలుసు."

ఆమె నన్ను ఒప్పించాలని చూడలేదు. నా చేతిలో నీళ్ల బాటిలు పెట్టి, గొంతు ఎండిపోయి ఉంటుంది తాగండి అంది. వారం తిరిగేసరికి ఫొటోను రెండు అట్టముక్కల మధ్య పెట్టి కొరియరులో పంపింది. నేను వాటిని విప్పి, ఫొటోను ఒక పుస్తకంలో పెట్టాను. గోడకు మేకు కొట్టాలన్న ఆలోచన ఆ తర్వాత వచ్చింది.

సినిమా వచ్చిన రోజు మధ్యాహ్నం నేను ఆ హోటల్లోనే ఉన్నాను. తమ్ముడు పిలిచాడు. రానంటే భయపడతాడని వెళ్లాను. ఫోనును పంచదార డబ్బాకు ఆనించి, అందరూ చుట్టూ చేరి చూశారు. లగ్గాల బంతిలో పక్కన కూర్చోని ఆ పెద్దమనిషి కూడా వచ్చి వెనక బల్ల మీద కూర్చున్నాడు. మూడు ఎపిసోడ్లు రెండు అయ్యాయి. రాగి తీగల దొంగతనాల మీద ఒక నిపుణుడు చాలాసేపు మాట్లాడాడు. ట్రాన్స్‌ఫార్మర్ మీద మెరుపులు చూపించారు. కాపలా సంగతి పోలీసులకు విశ్వసనీయ సమాచారం ద్వారా తెలిసిందని ఒక గొంతు చెప్పింది. తమ్ముడు అని ఒకసారి అన్నారు, హత్య సమయంలో మిల్లు దగ్గర ఉన్నాడన్నారు, ముందుకు వెళ్లిపోయారు. నేను మూడు చోట్ల కనిపించాను. ఒకచోట పంచనామా కూర్చునే రాస్తారని చెప్పాను.

అయిపోయాక తమ్ముడు ఫోను ఆపాడు. వెనక బల్ల మీది పెద్దమనిషి లేచి, "గింతేనా? దీనికి గింత లొల్లి చేసిన్రు. నాకొక చాయ్ పొయ్యమ్మా," అన్నాడు. వదిన పోసింది. గ్లాసు ఆయన ముందు పెడుతూ నా వైపు చూసింది. తమ్ముడు కొట్టం వెనక్కి వెళ్లి చాలాసేపటికి గానీ రాలేదు.

బస్సు ఎక్కే ముందు అతనికి పిట్ట సీను సంగతి చెప్పాను. ఎందుకు చెప్పానో తెలియదు. ఆ రోజు నేను అక్కడికి వచ్చి నిలబడటం నా ఆలోచన కాదని, ఆమెదని చెప్పాను. తోటకు నీళ్లు పెడుతున్నావా లేదా అని ఆమె ఎన్నో ఏళ్లు అడిగిందని చెప్పాను. అతను విని, "అమ్మది ఏడాది ఎప్పుడొస్తది సార్?" అని మాత్రం అడిగాడు.

ఆమె రెండో సంవత్సరీకం ఈ మధ్యే చేశాం. ఇంటి మిద్దె మీద పిట్టకు పెట్టాం. మా మరదలు మహబూబ్‌నగర్ నుంచి వచ్చి అంతా తానే వండింది. బంధువులు నలుగురైదుగురు. తమ్ముడూ, అతని భార్యా, వదినా పొద్దున బస్సుకు వచ్చారు, సంచి నిండా బత్తాయిలతో. ఆడవాళ్లిద్దరూ మా మరదలి దగ్గరికి వెళ్లారు. తమ్ముడు ఎవరికీ తెలియనివాడు కనుక పిట్టగోడ చివర, ఎండలో, ఒక్కడే నిలబడ్డాడు. తల కొంచెం దించుకుని, కింది నుంచి చూస్తూ.

పిట్ట రాలేదు. మరదలు నా పక్కకు వచ్చి గొంతు తగ్గించింది.

"ఎవరు బావా గాయన? అందర్ని ఇడ్సి గాడ పోయి నిలబడ్డడు. ముఖం సూస్తె ఏదో చేసినోని లెక్కున్నడు."

నేను ఆమెకు ఒక్క ఊపిరిలో చెప్పాను. మిల్లు, ట్రాక్టరు, జేబులో తాళంచెవి, ఆకు పక్కన పెట్టిన తాళం, తోట, వాళ్ల అక్క చెప్పిన మాట. చెప్పడం అయ్యేసరికి ఆయాసం వచ్చింది. ఆమె నన్ను చూసింది, అతన్ని చూసింది. కొంగు నెత్తి మీదికి లాక్కుని పిట్టగోడ దాకా నడిచింది.

"ఎండల నిలబడ్డవేందన్నా, పానం బాగుంటదా? ఇటు రా. నీడకు రా. మా అక్క సూస్తె తిడ్తది."

అతను వచ్చి మా పక్కన కూర్చున్నాడు. బత్తాయిలు ఒలిచి రెండు తొనలు ఆకులో పెట్టమని వదిన అంటే, లేచి వెళ్లి పెట్టి వచ్చాడు. ఆకు దగ్గర అతను ఏమన్నాడో నాకు వినిపించలేదు. వినాలని చెవి పెట్టలేదు కూడా. పిట్ట ఇంకా రాలేదు. అందరం నీడలో కూర్చుని చూస్తున్నాం.